హరిణి శరీరం, పడమటి హద్దు

ఫిబ్రవరి మూడో సోమవారం ఉదయం పది గంటల నలభై నిమిషాలకు, కాకినాడలో ఉంటున్న ప్రదర్శన కళాకారిణి హరిణి శరీరం ఆమె వీడియో పేరు మీదికి మారింది. మార్పు పద్ధతి ప్రకారమే జరిగింది. సమాచారం వెంటనే ఆమె ఫోనుకి వచ్చింది. చదువుదామని ఫోనుకి ముఖం చూపిస్తే, ఈ ముఖం సొంతదారుది కాదంటూ అది తెరుచుకోలేదు. అందువల్ల సంగతి ఆమెకి మర్నాడు, ఇంటి తలుపుకి అంటించిన నోటీసు ద్వారా తెలిసింది.

ఆ ఏడాది జిల్లాలో శరీరాల రీసర్వే జరుగుతోంది. పొలాల రీసర్వే ముగిశాక మిగిలిన సిబ్బందికీ, కొలత గొలుసులకీ ఏదో ఒక పని కల్పించాలన్న సదుద్దేశంతో ఇది మొదలైందని చెబుతారు. పద్ధతి పాతదే. ప్రతి శరీరానికీ ఒక నంబరు, సొంతదారు పేరు, అనుభవదారు పేరు, నాలుగు హద్దులు. సర్వేయరు ఇంటికొచ్చి కొలిచి, కాగితం చేతికిచ్చి, సంతకం ఎక్కడ పెట్టాలో వేలితో చూపించేవాడు. జనం వేలు చూపించినచోట సంతకం పెట్టేవారు. పైన ఏం రాసి ఉందో చదివినవాళ్లు తక్కువ.

హరిణి శరీరం కొలతలో వచ్చిన చిక్కుకి కారణం ఆమె కళ. ఆమె తన శరీరాన్నే పనిముట్టుగా వాడుకునే మనిషి. రెండేళ్ల కిందట తన గుండె చప్పుడుని మైకు ఆటోలో పెట్టి జగన్నాథపురం అంతా తిప్పింది. ఆకుకూరల బండి అనుకుని గిన్నెలతో బయటికొచ్చిన ఆడవాళ్లు, ఆ చప్పుడు వింటూ, ఆటో మలుపు తిరిగేదాకా అలాగే నిలబడిపోయారు. ఒక ముసలావిడ తన గుండె మీద చెయ్యి వేసుకుని సరిచూసుకుంది. ఇంకోసారి ముంజేతి మీద బార్‌కోడు గీతల ముద్ర వేయించుకుని సూపర్ మార్కెట్ కౌంటరు దగ్గర నిలబడితే యంత్రం ఆమెని అరకేజీ కందిపప్పుగా గుర్తించింది. ఆమె ఆ రసీదుని ఫ్రేము కట్టించి ముందుగదిలో పెట్టుకుంది. చూసినవాళ్లు నవ్వేవారు. నవ్వి, తర్వాత తమ చేతులు తిప్పి చూసుకునేవారు. ఇలా జనం చేత తమ చేతుల్ని తామే చూసుకునేలా చెయ్యగలిగినవాళ్లు ఆ ఊళ్లో మరొకరు లేరు.

జనవరిలో ఆమె రేవు దగ్గరి పాత ఉప్పు గోడౌనులో కొత్త ప్రదర్శన పెట్టింది. ఒక కుర్చీ, ఎదురుగా నిలువెత్తు తెర. కుర్చీలో హరిణి ఆరు గంటలపాటు కదలకుండా, మాట్లాడకుండా కూర్చుంటుంది. తెర మీద, పెళ్లికి ఏడాది ముందు తీసిన ఆమె వీడియో తొమ్మిది నిమిషాలకోసారి మళ్లీ మొదలవుతుంది. తెరమీది హరిణి స్టీలు గ్లాసులో టీ మూడు గుక్కల్లో తాగుతుంది. గ్లాసు కింద పెట్టేటప్పుడు తల కొంచెం వంచుతుంది. ఎర్ర దువ్వెనతో పదకొండుసార్లు తల దువ్వుకుంటుంది. "నేను హరిణి" అంటుంది. ఎడమవైపు తిరిగి నాలుగు సెకన్లు చూస్తుంది. ఆ వైపు ఉన్నది సున్నం కొట్టిన గోడ కాబట్టి ఆమె ముఖంలో ఏ భావమూ ఉండదు. బతికున్న మనిషి బొమ్మలా, బొమ్మ మనిషిలా ఉండే ఆ గదిలోకి వెళ్లినవాళ్లు ఎవరికి నమస్కారం పెట్టాలో తెలియక ఇద్దరికీ పెట్టేవారు.

సర్వేయరు పోలిశెట్టి సత్తిరాజు సరిగ్గా అక్కడికే వచ్చాడు. ఇంటికి తాళం ఉంటే పక్కింటివాళ్లు గోడౌను దారి చూపించారు. అతను గొలుసు కింద పెట్టి, కుర్చీలో ఉన్నావిడని అడిగాడు.

"అమ్మా, రీసర్వే అండి. మీ పేరేంటండీ?"

కుర్చీలో ఉన్నావిడ పలకలేదు. రెప్ప కూడా వెయ్యలేదు. సత్తిరాజు ఓపికగల మనిషి. అటూ ఇటూ చూశాడు. కాసేపటికి తెరమీది ఆవిడ దువ్వెన పక్కనపెట్టి "నేను హరిణి" అంది.

"ఆయ్, అదండీ," అని సత్తిరాజు రాసుకున్నాడు.

అప్పుడు ఆ గదిలో హరిణి భర్త చక్రధర్ కూడా ఉన్నాడు. కుర్చీకి ఎడమవైపు స్టూలు మీద, ఒళ్లో ఫ్లాస్కుతో. ఒక ప్రైవేటు జూనియర్ కాలేజీలో ఫిజిక్స్ చెబుతాడు. పెళ్లయి అప్పటికి రెండు నెలలు. ప్రదర్శన జరుగుతున్నంతసేపూ ఏం జరిగినా నోరు విప్పనని భార్యకి మాటిచ్చాడు. కుర్చీలో ఆమె, స్టూలు మీద అతను, ఇద్దరూ సర్వేయరు మాటలన్నీ విన్నారు. కదిలితే ప్రదర్శన పాడవుతుందని ఆమె కదల్లేదు. మాట్లాడితే మాట తప్పినట్టవుతుందని అతను మాట్లాడలేదు. ఒక్క దగ్గు దగ్గితే సరిపోయేది. కానీ ఆ దగ్గు దగ్గని మనిషి కాబట్టే ఆమె కళాకారిణి అయింది. అతనూ ఆ దగ్గు దగ్గని మనిషి కాబట్టే ఆమె అతన్ని పెళ్లి చేసుకుంది.

సత్తిరాజు కుర్చీ చుట్టూ గొలుసు పరిచి హద్దులు రాసుకున్నాడు. తూర్పు: గోడౌను తలుపు. ఉత్తరం: సొంతదారు, అనగా తెర. దక్షిణం: ఉప్పు బస్తాలు. పడమర: చక్రధర్, ఫ్లాస్కు సహా. తర్వాత కుర్చీలో ఉన్న శరీరం వైపు గౌరవంగా చూసి, "పదకొండు వేల శరీరాలు కొలిచేనండి. ఇంత నిలకడైన ఆస్తిని ఎక్కడా చూళ్లేదు," అని వెళ్లిపోయాడు.

నోటీసు వచ్చిన రోజు ఇద్దరూ దాన్ని రెండుసార్లు చదివారు. ముప్ఫై రోజుల్లో అభ్యంతరం నిరూపించుకోవాలి. లేకపోతే ప్రస్తుతం శరీరంలో ఉన్నవారు సొంతదారుకి దాన్ని ఖాళీ చేసి అప్పగించాలి.

"ఎక్కడికి ఖాళీ చెయ్యాలో రాయలేదేంటి?" అంది హరిణి.

"అది మన బాధ్యతేమో," అన్నాడు చక్రధర్. తర్వాత కొంచెం సిగ్గుపడుతూ, "కింద చూశావా? పడమర చక్రధర్ అని రాశారు," అన్నాడు.

వాళ్ల పెళ్లి సర్టిఫికెట్ ఇంకా రాలేదు. వాళ్లిద్దరి పేర్లూ కలిసి ఉన్న మొదటి ప్రభుత్వ కాగితం అదే. అతను దాన్ని జెరాక్సు తీయించి, నాలుగు మడతలు పెట్టి పర్సులో దాచుకున్నాడు. స్టాఫ్ రూములో ఇద్దరు లెక్చరర్లకి చూపించాడు కూడా.

తర్వాతి రోజుల్లో పనులన్నీ నిబంధనల ప్రకారమే ఆగిపోయాయి. అపార్టుమెంటు గేటు హరిణి ముఖానికి తెరుచుకోవడం మానేసింది. చక్రధర్ గేటు తెరిచి, తన సామానులో భాగంగా ఆమెని లోపలికి తీసుకెళ్లేవాడు. పన్ను నొప్పి వస్తే డాక్టరు చూసి, సొంతదారు సంతకం లేకుండా ముట్టుకోనన్నాడు. "పన్ను వాళ్లదమ్మా. నొప్పి మాత్రమే మీది," అని వివరించి, నొప్పికి మాత్ర రాసిచ్చాడు. ఆమె ఈ వాక్యాన్ని ఎంతో ఇష్టంగా నోట్‌బుక్కులో రాసుకుంది. దేన్నయినా తన పనికి పనికొచ్చేలా మలుచుకోవడం ఆమె స్వభావం. భయం వేస్తే ముందు దాన్ని రాసుకుని, ఆ తర్వాత భయపడేది.

అభ్యంతరం మీద విచారణ జరిపింది డిప్యూటీ తాసీల్దారు విమలాదేవి. శరీర రెవిన్యూ కార్యాలయం పాత ఐసు ఫ్యాక్టరీ భవనంలో ఉంది. గోడలకి ఇంకా చెమ్మ. ఆవిడ ఎప్పుడూ శాలువా కప్పుకునే ఉంటుంది.

"మీరే సొంతదారని రుజువేంటమ్మా?"

"నేను ఇందులోనే ఉన్నాను కదండీ," అంది హరిణి.

"ఉంటున్నారు, కాదనడం లేదు. ఉండడం అనుభవం కిందికొస్తది. సొంతానికి రికార్డుతో పోలిక కావాలి."

చక్రధర్ ఉత్సాహంగా లేచాడు. పడమటి హద్దుదారుగా వాంగ్మూలం ఇచ్చే హక్కు అతనికి ఉంది. ముందురోజే కాగితం మీద రాసి తెచ్చుకున్నాడు. తన భార్య కుడిచెవి వెనక పుట్టుమచ్చ ఉందనీ, గట్టిగా నవ్వితే వెంటనే తుమ్ముతుందనీ, పెళ్లయ్యాక కాజాలు తిని బుగ్గలు వచ్చాయనీ, రెండోవేలి మీద మెట్టె ఒరుసుకుని తెల్లటి గీత పడిందనీ, పెసరట్టు తినేటప్పుడు అల్లం ముక్కలు ఏరి తన కంచంలో వేస్తుందనీ, అప్పుడు తనకేసి చూసే చూపు ఇంకెవరికీ రాదనీ చదివాడు. గుమాస్తాలు టైపు చెయ్యడం ఆపి విన్నారు.

విమలాదేవి కూడా శ్రద్ధగా విని, ఒక్కో అంశం పక్కనా టిక్కు పెట్టింది. "చాలా బాగా చెప్పేరు బాబూ. కానీ ఇవన్నీ మీ ఆవిడకి వ్యతిరేకంగా వెళ్తాయి."

"అదేంటండి?"

"రికార్డులో ఉన్నావిడకి బుగ్గల్లేవు. మెట్టె గీత లేదు. ఆవిడ నవ్వదు, తుమ్మదు. మీరు చెప్పినవన్నీ ఈవిడ మారిపోయిందని రుజువులండి. మారినవాళ్లని సొంతదారని ఎలా రాస్తాను? సొంతదారు మారకుండా ఉంది కదా, చూడండి." ఆవిడ తన కంప్యూటరు అటు తిప్పింది. తెరమీది హరిణి టీ తాగుతోంది.

చక్రధర్ కాగితం మడిచేశాడు. అతని చెవులు ఎర్రబడ్డాయి. హరిణి అతని చెయ్యి పట్టుకుని, "అల్లం సంగతి బాగా రాశావు," అంది.

విమలాదేవి మంచి మనిషి. నిబంధనల పుస్తకం వెతికి ఒక దారి చూపించింది. ప్రస్తుతం శరీరంలో ఉన్నవారు, రికార్డులో ఉన్నవారితో మూడుసార్లు వరసగా, ఏ తేడా లేకుండా సరిపోలితే, ఇద్దరూ ఒకరే అని రాసి శరీరాన్ని వెనక్కి ఇవ్వొచ్చు. కొలిచేది యంత్రం. తేడా ఒక్కసారి వచ్చినా అభ్యంతరం కొట్టేస్తారు. మళ్లీ పెట్టుకునే వీలు లేదు.

"తొమ్మిది నిమిషాలు, మూడుసార్లు. చెయ్యగలరా అమ్మా?"

"అది నేను చేసిందే కదండీ," అంది హరిణి.

తర్వాతి మూడు వారాలు ఆమె ఇంట్లో ఆ తొమ్మిది నిమిషాల్ని అభ్యాసం చేసింది. బుగ్గలు తగ్గడానికి కాజాలు మానేసింది. మెట్టెలు తీసి కుంకుమ భరిణెలో పెట్టింది. చక్రధర్ స్టాప్ వాచీ పట్టుకుని కూర్చునేవాడు. టీ మూడు గుక్కలూ సరిపోయేవి. దువ్వెన పదకొండుసార్లూ సరిపోయేది. గొంతు సరిపోయేది. తన వయసులోంచి ఒకటిన్నర ఏడాది తీసేసి పక్కన పెట్టగలగడం మామూలు విద్య కాదు. భుజాలు వాలే తీరులో, గ్లాసు మీద వేళ్లు మూసుకునే తీరులో ఆమె నిజంగా అప్పటి మనిషి అయిపోయేది. చక్రధర్‌కి ఒళ్లు గగుర్పొడిచేది. తనని ఇంకా కలవని అమ్మాయిని, తన ఇంట్లో, తన కుర్చీలో చూసేవాడు. ఇబ్బందల్లా ఎడమవైపు చూపు దగ్గరే. తిరిగేసరికి అక్కడ చక్రధర్ ఉండేవాడు.

"నువ్వు గోడలా ఉండాలి," అనేది.

"గోడలానే ఉన్నాను."

"గోడకి అలా కళ్లు మెరవవు, చక్రీ."

అతను స్టూలు కుడివైపుకి మార్చుకుంటానన్నాడు. కుదరదు. పడమటి హద్దు కదిలితే శరీరం కొలత మారిపోతుందని నోటీసులోనే రాసి ఉంది. చివరికి ఆమె తన మీద తనే గెలిచింది. అతని ముఖంలోకి చూస్తూ, సున్నం కొట్టిన గోడని చూస్తున్నట్టు నాలుగు సెకన్లు ఉండగలిగింది. అలా ఉండగలిగిన రోజు ఇద్దరూ ఆనందపడాలి. పడ్డారు. ఆ రాత్రి పెసరట్టులో అల్లం ముక్కలు ఏరి, ఆమె తన కంచం అంచునే పెట్టుకుంది.

విచారణ రోజు కార్యాలయంలో పని ఆగిపోయింది. గుమాస్తాలు, శరీరాల పనుల మీద వచ్చినవాళ్లు, సర్వేయరు సత్తిరాజు, అందరూ గోడల వెంట నిలబడ్డారు. ఒక వైపు తెర, ఒక వైపు కుర్చీ, పడమర స్టూలు మీద చక్రధర్. యంత్రం మీద ఆకుపచ్చ దీపం వెలిగింది.

మొదటిసారి ఇద్దరు హరిణిలూ ఒకేసారి గ్లాసు ఎత్తారు, ఒకేసారి దించారు. ఇద్దరి దువ్వెనలూ ఒకే చప్పుడు చేశాయి. "నేను హరిణి" అన్నది ఒకే గొంతుగా వినబడింది. ఇద్దరూ ఎడమకి తిరిగి నాలుగు సెకన్లు చూశారు. తేడా సున్నా అని యంత్రం చూపించింది. రెండోసారీ సున్నాయే. సత్తిరాజు పక్కనున్న గుమాస్తాతో, "ఇందులో అమ్మగారు ఎవరోనండి," అన్నాడు. అతని గొంతులో ఉన్నది భక్తి. చూస్తున్నవాళ్లలో ఒకావిడ కళ్లు తుడుచుకుంది. ఎందుకని అడిగితే, తన పాత ఫోటో గుర్తొచ్చిందంది.

మూడోసారి టీ అయింది. దువ్వెన అయింది. పేరు అయింది. మిగిలింది నాలుగు సెకన్లు. హరిణి ఎడమకి తిరిగింది.

స్టూలు మీద చక్రధర్ కళ్లు మూసుకుని ఉన్నాడు. ముఖంలో మెరుపు ఉండకూడదని మూసుకున్నాడు. కానీ మూడు వారాలపాటు రోజుకి ఇరవైసార్లు చూసిన తొమ్మిది నిమిషాలూ అతనికి కంఠతా వచ్చేశాయి. ఆత్రంలో, తనకి తెలియకుండానే, ఈసారి అవన్నీ తనూ చేస్తూ వస్తున్నాడు. రెండు మూడు సెకన్లు వెనకబడ్డాడు కాబట్టి, అతను ఇంకా తల దువ్వుకుంటున్నాడు. చేతిలో దువ్వెన లేదు. నెత్తి మీద జుట్టు కూడా పెద్దగా లేదు. లేని దువ్వెనతో, లేని జుట్టుని, ఎంతో గంభీరంగా పదకొండోసారి దువ్వి, పెదాలు మాత్రమే కదిలిస్తూ, "నేను హరిణి" అనుకున్నాడు.

హరిణి ఒక సెకను ఆగింది. రెండో సెకను కూడా ఆగింది. ఆమె పట్టుదల ఎంతటిదో ఆ రెండో సెకను చూసినవాళ్లకి తెలుసు. మూడో సెకనులో ఆమెకి నవ్వొచ్చింది. పెదాలతో మొదలై భుజాల్లోకి, కడుపులోకి పాకింది. గ్లాసు కిందపడి దొర్లింది. ఆమె నవ్వీ నవ్వీ, గట్టిగా తుమ్మింది. తెరమీది ఆవిడ గోడ వైపు చూస్తూనే ఉంది.

యంత్రం మీద ఎర్ర దీపం వెలిగింది.

చక్రధర్ కళ్లు తెరిచాడు. "ఏమైంది? నేనేం చేశాను?"

"ఏం చెయ్యలేదు," అంది హరిణి, కళ్లు తుడుచుకుంటూ. "గోడ తల దువ్వుకుంది."

విమలాదేవి శాలువా సర్దుకుని, బాధగానే రాసింది. "సొంతదారు నవ్వలేదమ్మా. నవ్వినవారు సొంతదారు కారు. అభ్యంతరం కొట్టేస్తున్నాను." రాయడం అయ్యాక కలం మూతపెట్టి, "ఇంతకీ కాజా తిని ఎన్నాళ్లయింది?" అని అడిగింది.

"ఇరవై ఒక్క రోజులండి."

"తినెయ్యండి ఇంక."

ఖాళీ చేయించే అవసరం రాలేదు. కౌలుకి తీసుకునే దారి ఉంది. సొంతదారు ఒప్పుకోవాలి. విమలాదేవి తెరవైపు తిరిగి, "అమ్మా, ఈవిడకి మీ శరీరం కౌలుకివ్వడానికి సమ్మతమేనా?" అని అడిగి వేచి చూసింది. కాసేపటికి తెరమీది ఆవిడ గ్లాసు కింద పెడుతూ తల కొంచెం వంచింది. సమ్మతించినట్టు నమోదు చేశారు. కౌలు పదకొండు నెలలు. తర్వాత పొడిగించుకోవచ్చు. శిస్తు డబ్బు రూపంలో అక్కర్లేదు. రోజూ సాయంత్రం ఆరింటికి పది నిమిషాలపాటు ముఖాన్ని ఫోనుకి ఎదురుగా పెట్టి, కదలకుండా చెల్లించాలి. ఆ పది నిమిషాల్లో నవ్వకూడదు. మిగతా ఇరవై మూడు గంటల యాభై నిమిషాలూ శరీరాన్ని జాగ్రత్తగా వాడుకోవచ్చు. పన్ను పీకించుకోవడానికి అనుమతి విడిగా.

హరిణి కౌలుదారు గడిలో సంతకం పెట్టింది. పడమటి హద్దుదారుగా చక్రధర్ పెట్టాడు. ఒకే కాగితం మీద రెండు సంతకాలూ పక్కపక్కన ఉన్నాయని గమనించి, జెరాక్సు ఎక్కడ తీస్తారని గుమాస్తాని అడిగాడు. తర్వాత ఏదో గుర్తొచ్చినట్టు, "నా శరీరం వివరాలు కూడా ఒకసారి చూస్తారా?" అన్నాడు.

గుమాస్తా నంబరు కొట్టాడు. "సొంతదారు, మీ కాలేజీ ఐడీ కార్డు మీది ఫోటో అండి. తొమ్మిదేళ్ల కిందటిది."

"మరి నేను?"

"కౌలుదారండి. రీసర్వే కాగితం మీద సంతకం పెట్టేరు కదా. శిస్తు కూడా రోజూ కడుతున్నారు. ఒక్క రోజు తప్పలేదు. చాలామంది పది నిమిషాలు కడతారు, మీరు ఒక్కోరోజు ఫోను ముందు మూడు గంటలు కూడా కట్టేరు." గుమాస్తా అతని వైపు మెచ్చుకోలుగా చూశాడు. "మంచి రికార్డండి."

"మీదో?" అని అడిగింది హరిణి.

"నాదీ అంతేనండి. నాది పెళ్లి వీడియో," అని గుమాస్తా తర్వాతి వాళ్లని పిలిచాడు.

ఇద్దరూ అక్కణ్ణించి బీచికి వెళ్లారు. కాజాలు కొనుక్కుని గట్టు మీద కూర్చున్నారు. హరిణి సంచీలోంచి భరిణె తీసి మెట్టెలు పెట్టుకుంది. గీత మీద సరిగ్గా కూర్చున్నాయో లేదో అతను వంగి చూశాడు. ఆమె అతని నెత్తి మీద లేని జుట్టుని మూడుసార్లు దువ్వింది.

"ఇంకో ప్రదర్శన ఆలోచన వచ్చింది," అంది. "పది నిమిషాలు కూర్చుంటాను, అంతే. ఆరింటికి."

"చూడ్డానికి ఎవరొస్తారు?"

ఆరయింది. రెండు ఫోన్లూ ఒకేసారి మోగాయి. ఆమె కాజా పొట్లాంలో పెట్టి వేళ్లు తుడుచుకుంది. ఇద్దరూ ఫోన్లు ముఖానికి ఎదురుగా పెట్టుకుని కదలకుండా కూర్చున్నారు. గట్టు పొడవునా, ఇసకలో, ఐస్‌క్రీం బండి దగ్గర, స్కూటర్ల మీద, అందరూ ఫోన్లకి ముఖాలు అప్పగించి అలాగే నిశ్చలంగా ఉన్నారు. సత్తిరాజు చూసి ఉంటే మెచ్చుకునేవాడు. సముద్రం ఒక్కటే కదులుతోంది. దాని వైపు ఎవరూ చూడటం లేదు.